‘ఇది ప్రభుత్వ భూమి’ అని నోటీసు వస్తే: తరచుగా అడిగే ప్రశ్నలు

పొలం గట్టు మీదో, అప్పుచేసి కట్టుకున్న ఇంటి ముందో ఒకరోజు బోర్డు వెలుస్తుంది: ‘ఇది ప్రభుత్వ భూమి. ఆక్రమించినవారు శిక్షార్హులు.’ ఆ రోజు నుంచి ఆ ఇంట్లో ఎవరికీ కంటి మీద కునుకు ఉండదు. ఊళ్లో ఒక్కొక్కరు ఒక్కో సలహా ఇస్తారు. పన్నెండేళ్లు దాటింది కాబట్టి మీదేనంటారు ఒకరు. పాసుపుస్తకం ఉంటే ప్రభుత్వం ఏమీ చేయలేదంటారు మరొకరు. రెండూ నమ్మదగ్గ మాటలు కావు.

ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో ప్రైవేటు స్వాధీనదారులకూ ప్రభుత్వానికీ మధ్య నడిచే భూవివాదాల్లో పదేపదే ఎదురయ్యే ప్రశ్నలకు ఇక్కడ జవాబులు రాశాను. అన్నిటి వెనకా ఉన్న అసలు ప్రశ్న ఒకటే: మీ హక్కు ఎవరి దగ్గర, ఏ సంవత్సరంలో, ఏ కాగితంతో మొదలైంది? దానికి జవాబు చూపగలిగినవాళ్లు ప్రభుత్వాన్నైనా ఎదిరించి నిలబడగలరు. చూపలేనివాళ్లకు ఎంత పేరున్న లాయరు దొరికినా కష్టమే.

అసలు ప్రభుత్వ భూమి అంటే ఏది?

ఫలానావారిదని రుజువు కాని భూమంతా ప్రభుత్వానిదే అన్నది మన రెవెన్యూ చట్టాలకు పునాది. కోస్తా, రాయలసీమల్లో మద్రాసు పాలన నాటి 1905 భూ ఆక్రమణ చట్టం, తెలంగాణలో నిజాం కాలపు 1317 ఫసలీ భూమిశిస్తు చట్టం ఈ మాటే చెబుతాయి. 1905 చట్టాన్ని తర్వాత తెలంగాణకూ విస్తరించారు. అందుకే ఖాళీ చేయమనే నోటీసులు ఇప్పుడు రెండు రాష్ట్రాల్లోనూ దాని కిందే వస్తాయి.

రికార్డులో పోరంబోకు (ఊరి ఉమ్మడి అవసరాలకు వదిలినది), బంజరు, అనాధీనం, సర్కారీ, గైరాన్ (పశువుల మేత భూమి), శిఖం (చెరువు లోపలి నేల), సీలింగు మిగులు (భూపరిమితికి మించి ఉందని ప్రభుత్వం తీసుకున్నది) వంటి మాటలు కనిపిస్తే ఆగి విచారించాలి. అయితే అన్నీ ఒకే గాటన కట్టేవి కావు. ఖరీజ్ ఖాతా అంటే ఒకప్పుడు పట్టా ఉండి, శిస్తు బాకీ వల్లనో పట్టాదారు వదిలేయడం వల్లనో ఖాతాలోంచి తీసేసిన భూమి. సర్ఫేఖాస్ అంటే నిజాం సొంత ఖజానాకు చెందిన ప్రాంతం. 1949లో అది ప్రభుత్వంలో కలిసింది. కానీ సర్ఫేఖాస్ గ్రామాల్లోనూ రైతులకు పట్టాలు ఉండేవి. కాబట్టి ఆ మాట కనబడగానే భూమి మొత్తం సర్కారుదేనని తేల్చేయడం తప్పు. నోటీసులు రాసేవారు చాలాసార్లు ఈ తేడా పట్టించుకోరు. మీరు పట్టించుకోవాలి.

తాతల కాలం నుంచి దున్నుకుంటున్నాం. పన్నెండేళ్లు దాటితే మాదే కదా?

కాదు. పన్నెండేళ్ల లెక్క ప్రైవేటు భూమికి. 1963 కాలపరిమితి చట్టంలోని 65వ అధికరణం ఆ గడువు పెట్టింది. ప్రభుత్వానికి 112వ అధికరణం 30 ఏళ్లు ఇచ్చింది. ప్రభుత్వ భూమి మీద ప్రతికూల స్వాధీనంతో హక్కు అడగాలంటే 30 ఏళ్లకు పైబడి, బహిరంగంగా, ఎడతెగకుండా, ప్రభుత్వ హక్కును కాదంటూ స్వాధీనంలో ఉన్నట్టు చూపాలి. ఊరకే సాగులో ఉండటం చాలదు.

ఇక్కడ చాలామంది తెలియక పడే గొయ్యి ఒకటుంది. పట్టా ఇప్పించమని మధ్యలో ఎప్పుడో దరఖాస్తు పెట్టుకుంటారు. అలా అడిగామంటే ‘భూమి మీదే, మాకు ఇవ్వండి’ అని ప్రభుత్వానికి రాసిచ్చినట్టే. ఆ తర్వాత ప్రతికూల స్వాధీనం మాట నిలవదు. అలాగే ఒకే దావాలో ‘ఇది మా పట్టా భూమి’ అనీ, ‘ప్రభుత్వ భూమే కానీ మా స్వాధీనం వల్ల మాదైంది’ అనీ రెండు నోళ్లతో మాట్లాడితే రెండూ బలహీనపడతాయి. ఏ దారిలో వెళ్లాలో మొదటి రోజే లాయరుతో కూర్చుని తేల్చుకోవాలి.

కర్ణాటక నుంచి వచ్చిన ఆర్. హనుమయ్య కేసులో 2010లో సుప్రీంకోర్టు కింది కోర్టులను గట్టిగా హెచ్చరించింది. విస్తారమైన భూముల మీద ప్రభుత్వం నిత్యం కన్నేసి ఉంచలేదు కాబట్టి, ప్రభుత్వం మీద వేసిన హక్కు దావాల్లో రుజువులను నిశితంగా పరిశీలించాలని, ఏదో ఒక పన్ను రసీదు చూసి డిక్రీలు ఇవ్వకూడదని దాని సారం. ప్రైవేటు వ్యక్తి మీద గెలిచే సాక్ష్యంతో ప్రభుత్వం మీద గెలవలేకపోవచ్చు. ఆ సంగతి ముందే తెలిసి ఉండటం మంచిది.

శిస్తు రసీదులు, బి-మెమో, కరెంటు బిల్లు, ఇంటిపన్ను ఉన్నాయి. చాలవా?

ఇవి స్వాధీనానికి సాక్ష్యాలు. హక్కుకు కావు. బి-మెమో విషయంలో మరీ జాగ్రత్త. అది ప్రభుత్వ భూమిలో అనుమతి లేకుండా ఉన్నందుకు వేసే శిస్తు కాగితం. తెలంగాణలో శివాయి జమాబందీ కూడా అలాంటిదే. అలా శిస్తు కట్టినంత మాత్రాన హక్కు రాదని 1905 చట్టమే చెబుతోంది. బి-మెమోలను పట్టాలతో సమానంగా పెట్టెలో దాచుకున్న కుటుంబాలు ఎన్నో ఉన్నాయి. పట్టా భూమి అని వాదించేటప్పుడు అదే కాగితం ఎదురు తిరుగుతుంది. అయినా పారేయవద్దు. ఎప్పటి నుంచి స్వాధీనంలో ఉన్నారో చూపడానికి, అసైన్‌మెంటు (పేదలకు ప్రభుత్వం భూమి కేటాయించడం) అడగడానికి అది పనికొస్తుంది.

తహసీల్దారు నుంచి నోటీసు వచ్చింది. మొదట ఏం చేయాలి?

తీసుకోవాలి. సంతకం పెట్టకుండా తిప్పి పంపితే తప్పించుకున్నట్టు కాదు. తలుపుకు అంటించి వెళ్తారు, గడువు అక్కడి నుంచి నడుస్తుంది. చేతికి అందిన తేదీ నోటీసు మీదే రాసుకోండి. తర్వాత అది 1905 చట్టంలో ఏ సెక్షన్ కింద వచ్చిందో చూడండి. 7వ సెక్షన్ అంటే ఎందుకు ఖాళీ చేయించకూడదో చెప్పమని అడగడం. 6వ సెక్షన్ అంటే ఖాళీ చేయమని ఉత్తర్వు. మొదటిది రాకుండా రెండోది వస్తే అదే ఒక బలమైన అభ్యంతరం.

జవాబు రాతపూర్వకంగానే ఇవ్వాలి. సర్వే నంబరు, విస్తీర్ణం, హద్దులు, హక్కు ఎలా వచ్చిందో వరుసగా రాసి, కాగితాల నకళ్లు జతచేసి, ముద్ర వేసిన రసీదు తీసుకోవాలి. తహసీల్దారుగారిని కలిసి నోటితో చెప్పి వచ్చాం అంటే కోర్టులో లెక్కలోకి రాదు. నోటీసులో చెప్పిన భూమీ మీరున్న భూమీ ఒకటేనా అన్నది మరో ముఖ్యమైన సంగతి. ఒకే సర్వే నంబరులో కొంత పట్టా, కొంత పోరంబోకు ఉండటం సర్వసాధారణం. అక్కడ తగాదా హక్కు గురించి కాదు, హద్దు గురించి. సర్వే చేయించమని జవాబులోనే అడగండి. సగం వివాదాలు గొలుసు లాగితే తేలిపోతాయని నా నమ్మకం. జవాబును తోసిపుచ్చి ఉత్తర్వు ఇస్తే పై అధికారికి అప్పీలు ఉంది. దాని గడువు తక్కువ కాబట్టి ఉత్తర్వు అందిన వారంలోనే లాయరును కలవాలి.

అసలు తహసీల్దారు తానే తీర్పరిగా ఉండి ఖాళీ చేయించవచ్చా?

హక్కు మీద నిజమైన తగాదా ఉన్నప్పుడు కుదరదు. ఈ మాట తేల్చిన తీర్పు మన నేల మీద పుట్టిందే. దాని కథ తెలుసుకోవాలి.

హైదరాబాదు హబ్సిగూడలో మూడు స్థలాలు. 1932–37 మధ్య నిజాం ప్రభుత్వం ఉస్మానియా విశ్వవిద్యాలయం కోసం భూములు సేకరించింది. ఈ మూడూ అందులో ఉన్నాయని విశ్వవిద్యాలయం, లేవని భూయజమాని అయిన నవాబు వాదులాడుకున్నారు. విశ్వవిద్యాలయం 1956లో సిటీ సివిల్ కోర్టులో దావా వేసి 1959లో ఓడింది. ఒక స్థలం అసలు సేకరణలోనే లేదనీ, మిగతా రెండూ సేకరించినవే అయినా దావాకు ముందు పన్నెండేళ్లలో తన స్వాధీనంలో ఉన్నట్టు విశ్వవిద్యాలయం చూపలేకపోయిందనీ కోర్టు చెప్పింది. 1964 జనవరిలో హైకోర్టులో అప్పీలూ పోయింది. అప్పుడు విశ్వవిద్యాలయం ప్రభుత్వానికి ఉత్తరం రాసింది. ఆ ఏడాది డిసెంబరులో తహసీల్దారు భూ ఆక్రమణ చట్టం కింద నోటీసు ఇచ్చారు. కోర్టులో గెలవలేనిది నోటీసుతో సాధిద్దామనుకున్నారన్నమాట.

తుమ్మల కృష్ణారావు కేసుగా పేరుపడిన ఈ వివాదంలో 1982 మార్చిలో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. భూమి ఎవరిదన్న ప్రశ్న మీద నిజాయితీగల తగాదా ఉన్నప్పుడు, ప్రభుత్వం తనకు తానే భూమి తనదని నిర్ణయించుకుని, ఆ నిర్ణయం ఆధారంగా సత్వరం ఖాళీ చేయించే దారి పట్టకూడదు. సివిల్ కోర్టుకు వెళ్లాల్సిందే. ఎన్నాళ్లుగా ఉన్నారన్నది కూడా చూస్తారు, కానీ అసలు గీటురాయి తగాదా నిజమైనదా కాదా అన్నదే. నలభై ఏళ్లు దాటినా ఈ తీర్పు ఇప్పటికీ స్వాధీనదారుకు పెద్ద అండ.

దీన్ని అడ్డం పెట్టుకుని చెరువులు, శ్మశానాలు మింగినవాళ్లూ ఉన్నారు. నిన్న మొన్న పుట్టించిన కాగితం చూపి ‘తగాదా ఉంది’ అంటే కోర్టు ఒప్పుకోదు, ఒప్పుకోకూడదు కూడా. పాత సేల్‌డీడు, పహాణీ (ఏటా సాగు, స్వాధీనం వివరాలు రాసే రెవెన్యూ రికార్డు), కోర్టు డిక్రీ వంటివి ఉన్నప్పుడే ఆ తగాదాకు బరువు.

చట్టం సంగతి పక్కనపెట్టి తెల్లవారుజామున బుల్డోజరుతో వస్తే?

పట్టా లేనివారిని కూడా చట్టం చెప్పిన పద్ధతి లేకుండా అధికారబలంతో గెంటేయడానికి వీల్లేదని సుప్రీంకోర్టు 1961లోనే, పంజాబ్‌లోని బర్నాలాలో ఒక ధర్మశాల గురించి వచ్చిన బిషన్ దాస్ కేసులో చెప్పింది. 2024 నవంబరు 13న ఇచ్చిన తీర్పులో మరింత స్పష్టత ఇచ్చింది: కట్టడం కూల్చే ముందు కనీసం 15 రోజుల నోటీసు, వాదన వినిపించే అవకాశం, కారణాలతో ఉత్తర్వు ఉండాలి. కూల్చివేతను వీడియో తీయాలి. అయితే రోడ్డు, ఫుట్‌పాత్, రైల్వేలైను పక్క స్థలం, నది, జలవనరుల వంటి బహిరంగ స్థలాల్లోని అక్రమ కట్టడాలకూ, కోర్టే కూల్చమన్నవాటికీ ఈ రక్షణ వర్తించదని అదే తీర్పు చెప్పింది. హైదరాబాదులో చెరువులు, ప్రభుత్వ స్థలాల ఆక్రమణలు తొలగించడానికి 2024 జులైలో ఏర్పడిన ప్రభుత్వ సంస్థ హైడ్రా చేసిన కూల్చివేతల మీద నడిచిన వాదనల్లో చాలావరకు ఈ గీతకు ఇవతలా అవతలా నిలబడినవే.

ఆ పరిస్థితి వస్తే హైకోర్టులో రిట్ వేయాలి. భూమి మీదేనని రిట్‌లో తేల్చరు. పద్ధతి పాటించలేదన్న ఒక్క మాట మీద ఆపుతారు. ఆ కొద్ది వ్యవధిలో సివిల్ దావాకు సిద్ధం కావాలి. రిట్‌లో స్టే రాగానే గెలిచామనుకుని ఇంట్లో కూర్చున్నవాళ్లు తర్వాత చాలా నష్టపోయారు.

కోర్టులో రుజువు భారం ఎవరిది? ఏ కాగితాలు వెతకాలి?

దావా వేసినవారిదే. సికింద్రాబాదు కంటోన్మెంటు దగ్గర కాకాగూడలోని భూమి మీద వాసవి సహకార గృహ నిర్మాణ సంఘానికీ రక్షణ శాఖకూ మధ్య నడిచిన కేసులో 2014 జనవరిలో సుప్రీంకోర్టు ఈ సూత్రాన్ని మళ్లీ గట్టిగా చెప్పింది. ఎదుటివారి హక్కులో లోపం చూపితే చాలదు, మన హక్కు మన కాళ్ల మీద నిలబడాలి. రెవెన్యూ రికార్డులు హక్కును సృష్టించవని కూడా ఆ తీర్పు చెప్పింది.

కాబట్టి మీ హక్కుల గొలుసులోని మొదటి లంకె వెతకాలి. కోస్తా, రాయలసీమల్లో డైగ్లాట్ (బ్రిటిషు కాలపు పాత భూమి రిజిస్టర్), రీసెటిల్‌మెంట్ రిజిస్టర్ (ఆర్.ఎస్.ఆర్.), ఎఫ్.ఎం.బి. (సర్వే కొలతల పుస్తకం), పాత అడంగళ్లు (పహాణీ లాంటి సాగు రికార్డులు), 10(1) ఖాతా (పట్టాదారుల వారీ భూముల రిజిస్టర్) తీయించాలి. జమీందారీ గ్రామాలైతే 1948 ఎస్టేట్ల రద్దు చట్టం తర్వాత తయారైన సెటిల్‌మెంట్ ఫెయిర్ అడంగల్, రైత్వారీ పట్టా ఉత్తర్వు కీలకం. తెలంగాణలో సేత్వారు (నిజాం కాలపు మొదటి సర్వే రికార్డు), వసూల్ బాకీ (శిస్తు వసూళ్ల రికార్డు), 1954–55 ఖాస్రా పహాణీ, ఆ తర్వాతి చేసాల పహాణీ. వీటిలో ఖాస్రా పహాణీకి కోర్టులు ఇచ్చే విలువ వేరు. దానిలో మీ పూర్వీకుల పేరో, మీకు అమ్మినవారి పూర్వీకుల పేరో పట్టాదారు గడిలో ఉంటే మీ వాదనకు వెన్నెముక దొరికినట్టే. ఇనాం భూమి (పాలకులు మాన్యంగా ఇచ్చినది) అయితే ఆంధ్రలో 1956 చట్టం, తెలంగాణలో 1955 చట్టం కింద వచ్చిన పట్టా లేదా ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ చూపాలి. ఫసలీ సంవత్సరాలు చూసి తికమక పడవద్దు. దాదాపు 590 కలిపితే క్రీస్తుశకం వస్తుంది.

ధ్రువీకరించిన నకళ్లే తీసుకోవాలి. జిరాక్సులు, వాట్సాప్‌లో వచ్చిన ఫొటోలు పనికిరావు. తహసీల్దారు కార్యాలయంలో ‘రికార్డు దొరకడం లేదు’ అంటే ఆ మాటే సమాచార హక్కు చట్టం కింద రాతపూర్వకంగా తెచ్చుకోండి. అదీ సాక్ష్యమే.

చుక్కల భూములంటే ఏమిటి? మాది ఆ జాబితాలో ఉంది.

బ్రిటిషు కాలంలో రీసెటిల్‌మెంట్ చేసినప్పుడు ప్రతి సర్వే నంబరుకూ ఎదురుగా ఆర్.ఎస్.ఆర్.లో పట్టాదారు పేరు రాశారు. ప్రభుత్వ భూమి అయితే ఆ మాట రాశారు. ఎవరిదో తేలని చోట, లేదా హక్కుదారు ముందుకు రాని చోట గుమస్తా ఆ గడిలో చుక్కలు పెట్టి వదిలేశాడు. వందేళ్ల కిందటి ఆ చుక్కలే ఇప్పుడు ఆంధ్రప్రదేశ్‌లో వేల కుటుంబాల మెడకు చుట్టుకున్నాయి. మూడు నాలుగు తరాలుగా అమ్ముకుంటూ, కొనుక్కుంటూ, పంచుకుంటూ, బ్యాంకులో తాకట్టు పెట్టుకుంటూ వచ్చిన భూములను ఒక్కసారిగా నిషేధిత జాబితాలో (రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితాలో) చేర్చారు. ఆడపిల్ల పెళ్లికి అర ఎకరం అమ్ముదామంటే కుదరని స్థితి.

చుక్క అంటే ప్రభుత్వ భూమి అని అర్థం కాదు. ఆర్.ఎస్.ఆర్.లోని ఒక్క నమోదును పట్టుకుని, దశాబ్దాల రిజిస్టర్డు లావాదేవీలను పక్కనపెట్టి భూమి తమదనడం చెల్లదని ఉమ్మడి హైకోర్టు 2014లోనే చెప్పింది. దరిమిలా 2017లో ఆంధ్రప్రదేశ్ చుక్కల భూముల చట్టం వచ్చింది. పన్నెండేళ్లకు పైగా స్వాధీనంలో ఉన్నట్టు చూపినవారి దరఖాస్తులను జిల్లా స్థాయి కమిటీ పరిశీలించి రికార్డు సరిచేయాలి. 2023 మేలో రెండు లక్షల ఎకరాలకు పైగా భూమిని జాబితా నుంచి తొలగించారు. అయినా మీ సర్వే నంబరు మిగిలిపోయి ఉంటే, దరఖాస్తు మీద కారణం చెప్పే ఉత్తర్వు కోసం పట్టుబట్టండి. కారణం చెప్పని తిరస్కరణను హైకోర్టులో ప్రశ్నించవచ్చు.

గుమస్తా నింపని గడికి రైతు శిక్ష అనుభవించడం నాకు ఏనాడూ మింగుడుపడలేదు. ఈ వ్యవహారంలో న్యాయం పూర్తిగా రైతు పక్షానే ఉందని నా అభిప్రాయం.

అసైన్డ్ భూమి కొన్నాం. ఇప్పుడు తీసుకుంటామంటున్నారు.

తీసుకోవచ్చు. భూమిలేని పేదలకు సాగు కోసం ఇచ్చిన డి-ఫారం పట్టా భూమిని అమ్మకూడదు, కొనకూడదు. 1977 నాటి అసైన్డ్ భూముల బదలాయింపు నిషేధ చట్టం ప్రకారం ఆ కొనుగోలు చెల్లదు. రిజిస్ట్రేషన్ జరిగినా, ఎంత డబ్బు పోసినా అంతే. అయితే చూసుకోవలసిన సందులు కొన్ని ఉన్నాయి. పట్టా ఎప్పటిదో చూడాలి: ఆంధ్ర ప్రాంతంలో 1954 జూన్ 18కి ముందు, తెలంగాణలో 1958 జులై 25కి ముందు ఇచ్చిన పట్టాల్లో సాధారణంగా అమ్మకూడదన్న షరతు ఉండేది కాదు. షరతు లేని పట్టాకు నిషేధం వర్తించదు. వేలంలో ధర కట్టి కొన్నదీ వేరు. చట్టం రాకముందే సదుద్దేశంతో కొని స్వాధీనంలో ఉన్న భూమిలేని పేదకూ మినహాయింపు ఉంది.

పట్టా పొందిన అసలు పేద కుటుంబానికి మరో మాట. ప్రభుత్వం ప్రజావసరం కోసం మీ అసైన్డ్ భూమి వెనక్కి తీసుకుంటే ఉత్త చేతులతో పంపించలేదు. చేవెళ్ల డివిజనుకు చెందిన మేకల పాండు కేసులో ఉమ్మడి హైకోర్టు విస్తృత ధర్మాసనం 2004లో అసైనీలకూ పట్టాదారులతో సమానంగా పరిహారం ఇవ్వాలని తీర్పు చెప్పింది. ఈ తీర్పు తెలియక ఎక్స్‌గ్రేషియా పేరుతో ఇచ్చిన కొద్దిపాటి సొమ్ముతో సరిపెట్టుకున్నవాళ్లను తలచుకుంటే బాధేస్తుంది.

ఆంధ్రప్రదేశ్‌లో 2023 సవరణతో, పట్టా ఇచ్చి 20 ఏళ్లు దాటిన వ్యవసాయ భూములకు అసలు అసైనీకి లేదా వారసులకు పూర్తి హక్కు ఇచ్చే ఏర్పాటు వచ్చింది. అక్రమాలు జరిగాయన్న ఆరోపణలతో 2024లో అలాంటి భూముల రిజిస్ట్రేషన్లు ఆపారు. ఇప్పటి స్థితి ఏమిటో తహసీల్దారు కార్యాలయంలో రాతపూర్వకంగా తెలుసుకోకుండా బయానా ఇవ్వవద్దు.

స్టాంపు డ్యూటీ కట్టించుకుని ప్రభుత్వమే రిజిస్టర్ చేసింది కదా. ఇప్పుడు కాదంటే ఎలా?

కోపం న్యాయమైనదే. కానీ సబ్‌రిజిస్ట్రారు పత్రాన్ని నమోదు చేస్తారు తప్ప అమ్మినవారికి హక్కు ఉందని హామీ ఇవ్వరు. అమ్మినవారికి లేని హక్కు రిజిస్ట్రేషన్‌తో కొన్నవారికి రాదు.

ఇలాంటి అమ్మకాలు ఆపడానికే రిజిస్ట్రేషన్ చట్టంలో 22-ఎ సెక్షన్ ఉంది. అందులో ఐదు రకాలున్నాయి: చట్టం నిషేధించినవి, ప్రభుత్వ భూములు, దేవాదాయ–వక్ఫ్ భూములు, సీలింగు మిగులు, ఇంకా ప్రభుత్వ ప్రయోజనం ఉన్న ఇతర ఆస్తులు. మీ భూమి ఈ జాబితాలో ఉంటే ఏ క్లాజు కింద చేర్చారో ముందు తెలుసుకోండి. చివరి రకానికి గెజిట్ నోటిఫికేషన్ ఉండాలి. దాన్నుంచి తొలగించమని 22-ఎ(4) కింద దరఖాస్తు చేయవచ్చు. ఈ విధివిధానాలన్నీ ఉమ్మడి హైకోర్టు ఫుల్‌బెంచ్ 2015 డిసెంబరులో విడమరచి చెప్పింది. అధికారి రాసిన ఉత్తరం ముక్క పట్టుకుని రిజిస్ట్రేషన్ నిరాకరిస్తే ఆ తీర్పు చూపండి.

పాసుపుస్తకం ఉంది, ఆన్‌లైన్‌లో మా పేరే కనిపిస్తోంది.

మంచిదే, కానీ అదే హక్కు కాదు. తెలంగాణలో 2020 అక్టోబరు 29న భూమి రికార్డుల ఆన్‌లైన్ పోర్టల్ ధరణి వచ్చాక, ఒక సర్వే నంబరులో కొన్ని గుంటలు ప్రభుత్వానివైతే మొత్తం నంబరునే నిషేధంలో పెట్టిన సందర్భాలు అనేకం. దాని స్థానంలో 2025 ఏప్రిల్ 14న మొదలైన భూభారతితో సవరణలకూ అప్పీళ్లకూ రెవెన్యూ అధికారుల దగ్గర దారి మళ్లీ తెరుచుకుంది. వాడుకోండి.

మాది చెరువు పక్క పట్టా. కట్టుకోవచ్చా?

పట్టా ఉన్నా చెరువు పూర్తి నీటిమట్టం లోపల కట్టడానికి వీల్లేదు. శిఖం పట్టా అంటే నీరు తగ్గినప్పుడు సాగు చేసుకునే హక్కే. నీటిమట్టం గీత బయట కూడా 2012 భవన నిబంధనల ప్రకారం 10 హెక్టార్లు, అంతకు పైబడిన చెరువుకు 30 మీటర్లు, అంతకన్నా చిన్నదానికి 9 మీటర్లు వదలాలి. గ్రామ ఉమ్మడి భూములు, కుంటల ఆక్రమణలను డబ్బు కట్టించుకుని క్రమబద్ధీకరించడం తగదని 2011 జనవరిలో జగ్‌పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఈ ఒక్క విషయంలో స్వాధీనదారు పక్షాన మాట్లాడటానికి నాకు మనసొప్పదు. ఊరి చెరువు ఎవరి సొంతమూ కాదు.

అడవి భూమి, ఏజెన్సీ భూమి సంగతి?

గిరిజనులకూ, తరతరాలుగా అడవి మీద ఆధారపడ్డవారికీ 2006 అటవీ హక్కుల చట్టం ఉంది. గిరిజనులు 2005 డిసెంబరు 13 నాటికి సాగులో ఉంటే 4 హెక్టార్ల దాకా హక్కు అడగవచ్చు. దరఖాస్తు గ్రామసభ నుంచే మొదలవుతుంది. షెడ్యూల్డు ప్రాంతంలో గిరిజనేతరుల కొనుగోళ్లకు 1/70 చట్టం అడ్డు. ఎన్నేళ్లున్నా అంతే.

‘ప్రభుత్వ లాయరు మనవైపే ఉన్నారు’ అన్న ధీమా పనికిరాదని ఒక అటవీ కేసు చూపింది. పాత వరంగల్ జిల్లా కొంపల్లిలో 106.34 ఎకరాలు. హైకోర్టు మొదట ప్రభుత్వానికి అనుకూలంగా తీర్పు చెప్పి, రివ్యూలో తారుమారు చేసింది. మధ్యలో ప్రభుత్వం తరఫునే ప్రైవేటు పక్షానికి మేలు చేసే అఫిడవిట్లు వచ్చాయి. 2024 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు రివ్యూ తీర్పును కొట్టేసి, రాష్ట్ర ప్రభుత్వానికీ ఎదుటి పక్షానికీ చెరో 5 లక్షల రూపాయల ఖర్చులు విధించింది. అలాంటి అఫిడవిట్లు వేసిన అధికారుల మీద విచారణ జరిపే స్వేచ్ఛ కూడా ప్రభుత్వానికి ఇచ్చింది.

మా పట్టా భూమిలో ప్రభుత్వమే రోడ్డు వేసేసింది. ఇరవై ఏళ్లయింది.

పరిహారం అడగవచ్చు. పౌరుడి భూమిని ప్రతికూల స్వాధీనంతో తనదని ప్రభుత్వం చెప్పుకోవడాన్ని సుప్రీంకోర్టు 2011లో హరియాణా కేసులో తీవ్రంగా తప్పుపట్టింది. హిమాచల్‌ప్రదేశ్‌లో 1967–68లో రోడ్డు కోసం భూమి పోగొట్టుకున్న విద్యాదేవి అనే వృద్ధురాలికి 2020లో పరిహారం ఇప్పించింది. ఆస్తి హక్కు ప్రాథమిక హక్కు కాకపోయినా, రాజ్యాంగంలోని 300-ఎ అధికరణం ప్రకారం చట్టం లేకుండా లాక్కోవడానికి వీల్లేదు.

క్రమబద్ధీకరణ పథకంలో దరఖాస్తు పెట్టుకోవచ్చా?

హక్కు కాగితాలు ఏమీ లేని పేద ఇంటికి అదే మంచి దారి. తెలంగాణలో 2014 డిసెంబరు 30న వచ్చిన 58వ జీవో కింద 125 గజాల దాకా పేదలకు ఉచితంగా, 59వ జీవో కింద అంతకు మించినవాటికి రుసుముతో క్రమబద్ధీకరించారు. ఆంధ్రప్రదేశ్‌లోనూ అలాంటి పథకాలు వచ్చాయి. పట్టా భూమి అని గట్టిగా చెప్పగలిగే కాగితాలుంటే మాత్రం తొందరపడి దరఖాస్తు పెట్టవద్దు. పైన చెప్పినట్టు, అది ప్రభుత్వ భూమేనని మీరే ఒప్పుకున్నట్టవుతుంది.

ప్రభుత్వం మీద దావా ఎలా వేయాలి? ఖర్చు భరించలేం.

సివిల్ ప్రక్రియా స్మృతిలోని 80వ సెక్షన్ కింద రెండు నెలల ముందు నోటీసు ఇవ్వాలి. అత్యవసరమైతే కోర్టు అనుమతితో వెంటనే వేయవచ్చు. ప్రభుత్వం మీ హక్కునే కాదంటున్నప్పుడు ఒట్టి ఇంజంక్షన్ (స్వాధీనం జోలికి రావద్దన్న కోర్టు ఉత్తర్వు) అడిగితే చాలదు, హక్కు ప్రకటన కూడా అడగాలి. అనాతుల సుధాకర్ కేసులో 2008లో సుప్రీంకోర్టు ఈ తేడా చక్కగా వివరించింది. ప్రకటన అడగక ఏళ్ల తర్వాత దావా కొట్టేయించుకున్నవారు చాలామంది ఉన్నారు.

మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా జిల్లా న్యాయసేవాధికార సంస్థ లాయరును ఉచితంగా ఇస్తుంది. మిగతావారికి ఆదాయ పరిమితి ఉంది. దరఖాస్తు కోర్టు ఆవరణలోనే ఇవ్వవచ్చు.

కేసు నడుస్తుండగా భూమి అమ్ముకోవచ్చా?

అమ్మినా కొన్నవారు కేసు ఫలితానికి కట్టుబడాలి. ఆస్తి బదిలీ చట్టం 52వ సెక్షన్ అదే చెబుతోంది. కొనేవారికి కేసు సంగతి దాచి అమ్మితే వాళ్లు రేపు మీ మీద క్రిమినల్ కేసు పెట్టవచ్చు. డబ్బు అత్యవసరమైతే కేసు నంబరు పత్రంలో రాసి, కొనేవారికి దావా నకలు చేతికిచ్చి, తెలిసి కొంటున్నట్టు సంతకం తీసుకోండి.